పేరంటం మర్నాటి కేకు

చెల్లీ, శ్రావణమాసం వచ్చిందంటే మన ఇళ్ళలో అరటిపళ్ళకి లెక్కుండదు కదా! మంగళగౌరి నోము, వరలక్ష్మీ వ్రతం, పక్కింటి పేరంటం, ఎదురింటి పేరంటం. ఎక్కడికి వెళ్ళొచ్చినా చేతిలో రెండు పళ్ళు, గుప్పెడు శనగలు, ఓ జాకెట్టు ముక్క. శనగలకి ఆ పూటే పోపు పడుతుంది. జాకెట్టు ముక్క బీరువాలో చేరుతుంది. పళ్ళే మిగిలిపోతాయి. రెండోరోజుకి మచ్చలు, మూడోరోజుకి నలుపు. పిల్లలు మొహం తిప్పుకుంటారు, మగవాళ్ళ కళ్ళకి అవి అసలు ఆనవు. అమ్మవారి దగ్గర పెట్టినవి, ముత్తైదువలు చేతిలో పెట్టి ఇచ్చినవి, పారెయ్యడానికి మనసొప్పదు. ఆఖరికి వాటిని తినేదెవరంటే ఆ ఇంటి ఇల్లాలే. ఆకలున్నా లేకపోయినా, వంటింట్లో నిలబడి, గబగబా.

నాకు ఈ అలవాటు మీద ఎప్పటినుంచో కోపం. అందరూ వద్దన్నది మన వాటా కావడమేమిటి? అదే పండు కోసం ఇంటిల్లిపాదీ ప్లేటు పట్టుకుని వంటింట్లోకి వచ్చేలా చెయ్యొచ్చు. ఇవాళ ఆ కబురు చెప్పాలనే కూర్చున్నా. మచ్చలు పడ్డ అరటిపళ్ళు, ఓట్స్, బెల్లంతో కేకు. పైన, పూజలో కొట్టిన కొబ్బరితో తియ్యటి పూత. గుడ్డు వెయ్యం. శ్రావణంలో చాలా ఇళ్ళలో గుడ్డు గడప దాటి రాదు, పైగా ఇవి ప్రసాదం పళ్ళు. అత్తగారు కూడా ఏ శంకా లేకుండా ఓ ముక్క నోట్లో వేసుకోగలగాలి.

ఇంట్లో చేసిన కేకు గురించి నేను ఎక్కువగా వినే మాట ఒకటుంది. "చేసిన పూట బాగానే ఉంటుంది అక్కా, తెల్లారేసరికి ఎండిపోతుంది. టీ లేకపోతే గొంతు దిగదు" అని. దీనికి విరుగుడని కొందరు వెన్న పెంచుతారు, కొందరు నూనె ఇంకాస్త పోస్తారు. నూనె మెత్తదనం ఇస్తుంది, కాదనను. కానీ కేకులో తేమ నిలవాలంటే నీళ్ళని గట్టిగా పట్టి ఉంచేదేదో లోపల ఉండాలి. ఓట్స్ వేసేది అందుకే. ఓట్స్‌లో బీటా గ్లూకాన్ అని ఒక పీచు పదార్థం ఉంటుంది. వేడినీళ్ళు తగిలితే అది నీళ్ళు పీల్చుకుని జిగురవుతుంది. ఓట్స్ జావ చల్లారితే గిన్నెకి అతుక్కుపోయి సాగుతూ కనిపిస్తుందే, అది దీని మహిమే. ఆ జిగురు పట్టుకున్న నీళ్ళు పొయ్యి వేడికి కూడా అంత తేలిగ్గా ఆవిరైపోవు. అందుకే ఈ కేకు రెండోరోజు, మూడోరోజు కూడా మెత్తగానే ఉంటుంది.

ఇది నేను కొత్తగా కనిపెట్టిందేమీ కాదు. అమెరికా ఇళ్ళలో ఓట్‌మీల్ కేకు అని తరతరాలుగా చేసుకుంటున్నారు. ఓట్స్ మీద మరిగే నీళ్ళు పోసి నానబెట్టి, కేకు పిండిలో కలిపి కాలుస్తారు. పైన వెన్న, బ్రౌన్ షుగర్, కొబ్బరి కలిపి పరిచి, మళ్ళీ పైమంట కింద కాసేపు పెడతారు. లేజీ డైసీ కేకు అనే ముద్దు పేరు కూడా ఉంది దానికి. ఇంగ్లండ్‌లో యార్క్‌షైర్ వాళ్ళకి పార్కిన్ అనే ఓట్స్ కేకుంది. అల్లం పొడి, ట్రీకిల్ అనే నల్లటి చెరకు పాకం వేసి, నవంబరు 5న చలిమంటల పండుగకి చేసుకుంటారు. ఆ పార్కిన్‌ని చేసిన రోజు తినరు. డబ్బాలో పెట్టి కొన్నాళ్ళు ఆగితే గట్టిగా ఉన్నది మెత్తబడి, జిగురు తేరి, అప్పుడు రుచికొస్తుంది. మన కేకుకి అంత ఓపిక అక్కర్లేదు, ఒక్క రాత్రి చాలు.

అమెరికా వాళ్ళ పైపూత గురించి మొదటిసారి చదివినప్పుడు నాకు పట్టరాని సంతోషం వేసింది. కొబ్బరి, ముదురు రంగు చక్కెర, నెయ్యి బదులు వెన్న. ఇది మన కొబ్బరి లౌజు కాక మరేమిటి? కజ్జికాయల్లో పెట్టేది, పండగ పూట పళ్ళెంలో పోసి ముక్కలు కోసేది. పూజకి కొట్టిన కొబ్బరి చిప్పలు ఎలాగూ ఫ్రిజ్‌లో మూలుగుతూ ఉంటాయి. పళ్ళు కేకులోకి, కొబ్బరి కేకు మీదకి. బజారు నుంచి తెచ్చుకోవాల్సింది ఓట్స్ పాకెట్టు, సోడా, బేకింగ్ పౌడర్.

ముందు పండు సంగతి. తాంబూలంలో ఏ రకం వస్తే ఆ రకం వాడు. నన్ను కోరుకోమంటే మాత్రం చక్కెరకేళీయే. రావులపాలెం వైపు వాళ్ళకి చెప్పక్కర్లేదు, మగ్గిన చక్కెరకేళి గది దాటి వాసనొస్తుంది. హైదరాబాదులో బండి మీద దొరికే పొడుగు పచ్చ అరటి కూడా బాగానే పనికొస్తుంది. తొక్క మీద నల్ల మచ్చలు దట్టంగా పడాలి, అది ముఖ్యం. కాయలో ఉన్న పిండి పదార్థం మగ్గేకొద్దీ చక్కెరగా మారుతుంది. పసుపుపచ్చగా, బిగువుగా ఉన్న పండుతో చేస్తే కేకులో తీపి ఉండదు, వాసన ఉండదు, అక్కడక్కడా ముక్కలు పంటికి తగులుతాయి. తొందరగా మగ్గాలంటే ఓ ఆపిల్ పండుతో కలిపి కాగితం సంచిలో చుట్టిపెట్టు. ఆపిల్ విడిచే ఇథిలీన్ అనే వాయువు అరటిని మగ్గపెడుతుంది. ఈ వారం తీరిక లేదంటావా, తొక్క తీసి డబ్బాలో పెట్టి ఫ్రీజర్‌లో పడెయ్. చేసే రోజు బయట పెడితే నీరు వదులుతుంది. ఆ నీరు ఒంపెయ్యకు, రుచంతా దాన్లోనే ఉంటుంది. బూజు పట్టిందీ, పులిసిన సారా వాసన వచ్చిందీ మాత్రం మొహమాటం లేకుండా తీసెయ్.

ఓట్స్ కొనేటప్పుడు పాకెట్ మీద చదువు. రోల్డ్ ఓట్స్ అని ఉంటే అదే తీసుకో. గింజని ఆవిరి పట్టి, రోలర్ల కింద అటుకుల్లాగే అదిమి చేస్తారు వాటిని. ఇన్‌స్టంట్ రకం ఇంకా పల్చగా ఉంటుంది, నానగానే పేస్టయిపోతుంది. అదే ఇంట్లో ఉంటే వాడుకో, కాకపోతే నానే సమయం సగం చాలు. స్టీల్ కట్ అని నూకలా ఉండే రకం ఈ కేకుకి నప్పదు, అది నానడానికి చాలాసేపు పడుతుంది. మసాలా ఓట్స్ సంగతి నీకు నేను చెప్పాలా!

ఒక కప్పు ఓట్స్ వెడల్పాటి గిన్నెలో వేసి, ముప్పావు కప్పు నీళ్ళు తెర్ల మరిగించి పోసి, మూత పెట్టి 20 నిమిషాలు వదిలెయ్. కప్పంటే 240 మిల్లీలీటర్లది. నీళ్ళు సలసల మరగాలి, గోరువెచ్చని నీళ్ళతో ఆ జిగురు అంత బాగా రాదు. బెల్లం కూడా అదే నీళ్ళలో వేసేస్తే ఒక గిన్నె తగ్గుతుంది కదా అనుకుంటావేమో, వద్దు. తీపికి కూడా నీళ్ళని తనవైపు లాక్కునే గుణం ఉంది. ఆ పోటీలో ఓట్స్ సరిగ్గా నానవు. బెల్లం వేరే గిన్నెలోనే కరిగించు.

బెల్లం అన్నాను కాబట్టి ఒక మాట. తెల్లగా, బంగారు రంగులో మెరిసే బెల్లం చూసి మురిసిపోకు. ఆ రంగు కోసం చాలాచోట్ల వండేటప్పుడు హైడ్రోస్ అనే రసాయనం కలుపుతారు. అనకాపల్లి సంత నుంచి వచ్చినా, మీ ఊరి షావుకారు కొట్లోదైనా, కాస్త ముదురు రంగుది చూసి తెచ్చుకో. కేకుకి రంగు అదే ఇస్తుంది, వాసనా అదే ఇస్తుంది. తరిగిన బెల్లం ఒక కప్పు, రెండు మూడు చెంచాల నీళ్ళతో సన్నని మంట మీద కరగనిచ్చి వడగట్టు. పాకం రానక్కర్లేదు. వడగట్టడం మానొద్దు, ఇసుక పంటికింద పడితే ఎంత బాగా చేసిన కేకైనా తినబుద్ధి కాదు. పూర్తిగా చల్లారనివ్వు.

ఇక కలపడం. మగ్గిన అరటిపళ్ళు చేత్తోనే మెదిపితే సరిగ్గా ఒక కప్పు గుజ్జు కావాలి. చిన్న చక్కెరకేళీలైతే నాలుగైదు పడతాయి, పెద్దవైతే మూడు చాలు. అందులో చల్లారిన బెల్లం, పావు కప్పు చిక్కటి పెరుగు, అరకప్పుకి కాస్త తక్కువగా వాసన లేని నూనె పోసి బాగా గిలకొట్టు. ఇక్కడ నేను వెన్న కంటే నూనెకే ఓటేస్తాను. వెన్న చల్లబడితే గడ్డకడుతుంది, ఫ్రిజ్‌లోంచి తీసిన ముక్క గట్టిగా తగులుతుంది. నూనె అలా గడ్డకట్టదు. తర్వాత నానిన ఓట్స్ వేసి కలుపు.

వేరే పళ్ళెంలో ఒక కప్పు గోధుమపిండి, అరకప్పు మైదా, చెంచాడు వంటసోడా, అరచెంచా బేకింగ్ పౌడర్, చిటికెడు ఉప్పు, నాలుగు యాలకుల పొడి కలిపి జల్లించు. ఓట్స్‌లో గోధుమకున్న బంక ఉండదు, అందుకని వాటితో మాత్రమే చేస్తే కేకు నిలబడదు, కోస్తే పొడిపొడిగా రాలుతుంది. ఆ బంకే ఎక్కువైనా ముప్పే. పిండి తడిలో పడ్డాక పదే పదే తిప్పితే బంక సాగి కేకు రబ్బరవుతుంది. పొడి పిండి కనిపించకుండా పోగానే గరిటె పక్కన పెట్టెయ్. ఇడ్లీ పిండి కంటే కాస్త గట్టిగా ఉండాలి. గుప్పెడు కిస్‌మిస్‌లు, గింజ తీసిన ఖర్జూరం ముక్కలు పది నిమిషాలు వేడినీళ్ళలో నానబెట్టి, పిండి అద్ది చివర్లో వెయ్యి. నానకుండా వేస్తే అవే కేకులోని తేమ పీల్చేసుకుంటాయి. బేకరీల్లో ఎర్రగా పచ్చగా దొరికే టూటీ ఫ్రూటీ పిల్లలకి ఇష్టమైతే అదీ వేసుకో. అది మన పచ్చి బొప్పాయి ముక్కలే, పంచదార పాకంలో ఊరబెట్టి రంగు వేస్తారు.

సోడా, బేకింగ్ పౌడర్ రెండూ ఎందుకని అడుగుతారు చాలామంది. వంటసోడా పని చెయ్యాలంటే పులుపు కావాలి. మన గిన్నెలో పెరుగు, అరటిపండు, బెల్లం ఆ పులుపు ఇస్తాయి. బేకింగ్ పౌడర్‌లో ఆ పులుపు ముందే కలిపి ఉంటుంది. దాని వెనకో మంచి కథ ఉంది. ఇంగ్లండ్‌లో బర్మింగ్‌హామ్‌లో ఆల్‌ఫ్రెడ్ బర్డ్ అనే మందుల వ్యాపారి ఉండేవాడు. ఆయన భార్యకి ఈస్ట్ పడేది కాదు, గుడ్డూ పడేది కాదు. ఆవిడ కోసం గుడ్డు లేని కస్టర్డ్ పొడి చేశాడు. ఈస్ట్ లేకుండా రొట్టె పొంగేలా 1843లో బేకింగ్ పౌడర్ తయారుచేశాడు. భార్యకి ఏం పడదో గుర్తుపెట్టుకుని ఆమె కోసం అంత శ్రద్ధ పెట్టిన మనిషి కథ నాకెంత ఇష్టమో! మా ఇంట్లో అందరికీ చెప్పాను.

సోడా తడి తగిలిన క్షణం నుంచే గాలి బుడగలు పుట్టిస్తుంది. కాబట్టి ఓవెన్ ముందే 180 డిగ్రీలకి వేడెక్కి ఉండాలి, పళ్ళేనికి నూనె రాసి సిద్ధంగా ఉండాలి. ఎనిమిది అంగుళాల పళ్ళెం సరిపోతుంది. 45 నుంచి 50 నిమిషాలు. ఓవెన్ లేదని ఆగిపోకు. మందపాటి పాత అల్యూమినియం గిన్నె అడుగున స్టాండు పెట్టి, మూత పెట్టి, మధ్యస్థపు మంట మీద పది నిమిషాలు వేడిచేసి, కేకు గిన్నె లోపల దించి మంట బాగా తగ్గించు. గంట దాకా పట్టొచ్చు. కుక్కర్‌లోనే చేస్తానంటే గాస్కెట్, వెయిట్ తీసెయ్యడం మాత్రం మర్చిపోకు, లోపల నీళ్ళు పొయ్యకు. మధ్యలో పుల్ల గుచ్చి చూస్తే తడి పిండి అంటకూడదు. ఒకటి రెండు మెత్తటి పలుకులు అంటితే పరవాలేదు, ఈ కేకు గుణమే అంత. పుల్ల శుభ్రంగా పొడిగా వచ్చేదాకా ఉంచితేనే ఎండిపోతుంది.

కేకు లోపల కాలుతుండగా లౌజు పని చూసుకో. చిప్ప ముందు వాసన చూడు. కొట్టిన కొబ్బరి మన ఎండలకి ఒక్క రోజులో జారుడు పడుతుంది, అలాంటిది పనికిరాదు. అందుకే పూజ రోజే తురిమి ఫ్రీజర్‌లో పెట్టుకోవడం తెలివైన పని. ఒక కప్పు తురుముకి అరకప్పు బెల్లం. బెల్లం నాలుగు చెంచాల నీళ్ళలో కరిగించి వడగట్టి, మళ్ళీ పొయ్యి మీద పెట్టి, బుడగలు రాగానే కొబ్బరి, రెండు చెంచాల నెయ్యి వేసి కలుపుతూ ఉండు. ఉండ కట్టేదాకా ఉడికిస్తే పండగ లౌజవుతుంది, కేకు మీద పరిచేటప్పుడు పెళ్ళలుగా విరుగుతుంది. దానికి చాలా ముందే, గరిటె జారుగా తిరుగుతుండగానే దించెయ్. నేతిలో వేయించిన జీడిపప్పు పలుకులు కలుపు. ఇంకొంచెం మృదువుగా కావాలంటే దించి కాస్త చల్లారాక రెండు చెంచాల మీగడ వెయ్యి. మరుగుతున్న బెల్లంలో పాలూ మీగడా విరుగుతాయని పరమాన్నం వండే ఏ ఇల్లాలికైనా తెలుసు.

కేకు బయటికి తీసిన వెంటనే, వేడివేడిగా ఉన్నప్పుడే లౌజు పరిచెయ్యాలి. వేడి కేకు మీదైతే బెల్లం రసం కొంచెం లోపలికి ఇంకుతుంది, పై అంగుళం ఇంకా తేమగా తయారవుతుంది. చల్లారిన కేకు మీద వేస్తే ఆ పొర విడిగా ఊడొస్తుంది. తర్వాత ఓవెన్‌లో పైరాడ్ మాత్రమే వెలిగేలా పెట్టి మూడు నాలుగు నిమిషాలు. ఆ మూడు నిమిషాలూ ఫోను పక్కన పెట్టు, కళ్ళు దాని మీదే ఉంచు. బెల్లం బుడగలు కట్టి కొబ్బరి అంచులు ఎర్రబడితే చాలు, ఇంకో నిమిషానికి మాడిపోతుంది. పొయ్యి మీద చేసినవాళ్ళకి పైమంట ఉండదు కాబట్టి, కొబ్బరిని కడాయిలోనే కాస్త ఎర్రగా వేయించుకుని లౌజు చేసుకుంటే ఆ కమ్మదనం దాదాపు వచ్చేస్తుంది. డాలస్‌లోనో న్యూజెర్సీలోనో ఉన్న చెల్లెళ్ళకి ఓవెన్‌లోనే పైమంట ఇచ్చే బ్రాయిలర్ ఉంటుంది, ఇండియన్ స్టోర్లో తురిమిన కొబ్బరి గడ్డకట్టించినది దొరుకుతుంది. వాళ్ళకి ఇది మనకంటే సులువు.

తర్వాతే అసలు కష్టం. ఆగాలి. ఇల్లంతా యాలకులు, నెయ్యి, బెల్లం వాసన నిండి ఉన్నా సరే, పూర్తిగా చల్లారేదాకా కత్తి పెట్టొద్దు. ఓట్స్ జిగురు చల్లారాకే గట్టిపడుతుంది. వేడిలో కోస్తే ముద్దగా వచ్చి, ఉడకలేదేమో అని భ్రమపడతావు. రాత్రి చేసి, మూతపెట్టి, పొద్దున్న కోసి చూడు. అప్పుడు దాని రుచే వేరు.

ఆరోగ్యం మాట కూడా తేల్చేద్దాం, ఎందుకంటే ఓట్స్ అనగానే ఇది మందని నమ్మేవాళ్ళున్నారు. ఓట్స్‌లో ఉండే ఈ బీటా గ్లూకాన్ పీచు రోజుకి 3 గ్రాములు తీసుకుంటే, సంతృప్త కొవ్వు, కొలెస్ట్రాల్ తక్కువున్న ఆహారంతో పాటు, గుండెజబ్బుల ముప్పు తగ్గవచ్చని పాకెట్ల మీద రాసుకోవడానికి 1997లో అమెరికా ఆహార, ఔషధ నియంత్రణ సంస్థ ఒప్పుకుంది. మనం వేసిన కప్పు ఓట్స్ 90 గ్రాములు. అందులో ఆ పీచు మూడున్నర గ్రాములకి అటూఇటూగా ఉంటుంది. 12 ముక్కలు కోస్తే ముక్కకి ఎంతొస్తుందో నువ్వే లెక్కేసుకో. షుగర్ ఉన్న నాన్నగారికి "ఓట్సే కదా, బెల్లమే కదా" అని పెద్ద ముక్క పెట్టకు. బెల్లం కూడా రక్తంలో చక్కెరని పెంచేదే, మగ్గిన అరటిపండూ అంతే. ఆయనకి లౌజు లేకుండా పలచటి ముక్క పెట్టు, అదీ డాక్టరు సరేనన్నాకే. ఇది మిఠాయి. మంచి మిఠాయి. దాన్ని మిఠాయిగానే ప్రేమించుదాం.

నిలవ గురించి కూడా జాగ్రత్త. పైన పచ్చికొబ్బరి ఉంది కాబట్టి బయట ఒక రోజు, ఎండాకాలమైతే ఒక పూట. ఫ్రిజ్‌లో మూతున్న డబ్బాలో మూడు రోజులు హాయిగా ఉంటుంది. ముక్క తీసి ఇడ్లీ రేకులో ఒక్క నిమిషం ఆవిరి చూపిస్తే మళ్ళీ తాజాగా అవుతుంది. ఊరికి పంపాలంటే లౌజు వెయ్యకుండా పంపు.

శ్రావణం దాటాక కార్తీకంలో మళ్ళీ పళ్ళొస్తాయి, అప్పుడూ ఇదే. బాగా మగ్గిన సపోటా గుజ్జుతో కూడా చెయ్యొచ్చు, బెల్లం పావువంతు తగ్గించు. వేసవిలో రసాలతో చేసేటట్టయితే ఓట్స్ నానబెట్టే నీళ్ళు అరకప్పుకి తగ్గించు, మామిడి రసం పల్చన కదా. పుచ్చకాయ, ద్రాక్షల జోలికి మాత్రం పోకు, అవన్నీ నీళ్ళే. మీ ఇంట్లో ఏ పండుతో చేశావో, ఓవెన్‌లో చేశావో గిన్నెలో చేశావో, ఎంతసేపు పట్టిందో కొలతలతో సహా నాకు రాయి చెల్లీ. పొయ్యి మీద చేసినవాళ్ళ అనుభవాలైతే ముందు రాయండి, ఓవెన్ లేని అక్కచెల్లెళ్ళే మనలో ఎక్కువ.